పాదలేపనం: బెంగళూరులో కొన్నేళ్ళు వాడాక

అరికాళ్ళకి పూసుకుంటే మనిషిని ఎగిరించే పాదలేపనం కొనొచ్చా అని అడిగేవాళ్ళకి ముందే చెప్పేస్తున్నా. మీరుండేది అనంతపురంలో అయితే కళ్ళు మూసుకుని కొనండి. బెంగళూరులో అయితే డిసెంబరు నుంచి ఏప్రిల్ దాకా తప్ప దానిమీద ఆశ పెట్టుకోకండి. ఎగిరించడంలో దానికి వంక పెట్టలేం. తడి మాత్రం దానికి అస్సలు పడదు.

ఈ సంగతి కొత్తదేం కాదు. మనుచరిత్రలో ప్రవరుడికి సిద్ధుడిచ్చింది ఇదే. హిమాలయం మీద మంచు కరిగి కాళ్ళకి తగిలేసరికి పసరు కాస్తా పోయింది, ఆయన అక్కడే చిక్కుబడ్డాడు. ఓ చిన్న డబ్బా నడుముకి దోపుకుని వెళ్ళుంటే వరూధిని కంటబడకుండానే మధ్యాహ్నం భోజనానికి ఇల్లు చేరేవాడు. అప్పుడు పెద్దనగారికి కావ్యమూ లేదు, స్వారోచిష మనువూ లేడు, అది వేరే విషయం. వాడేవాళ్ళు మాత్రం తిరుగు ప్రయాణానికి సరిపడా వెంట ఉంచుకోవాల్సిందే.

పూయడం తేలికే. అరికాళ్ళు కడిగి, తుడిచి, ఫ్యాను కింద బాగా ఆరనిచ్చి, శనగగింజంత తీసుకుని మడమ నుంచి వేళ్ళవైపు రాయాలి. కాసేపటికి చిమచిమలాడుతుంది. వెళ్ళాల్సిన చోటు తలుచుకుంటే లేస్తాం. ఆ చోటు ఒకసారైనా కళ్ళారా చూసి ఉండాలి, ఫోన్ మ్యాపులో చూస్తే లెక్కలోకి రాదు. ఇల్లు వెతుక్కునేవాళ్ళకి, ఇంటర్వ్యూలకి తిరిగేవాళ్ళకి ఇందువల్లే ఇది పనికిరాదు.

నేనుండేది బీటీఎం లేఅవుట్లో, ఆఫీసు ఎలక్ట్రానిక్ సిటీలో. సిల్క్ బోర్డు సిగ్నల్ మీదుగా, కింద హారన్లు వింటూ వెళ్ళడంలో ఉన్న సుఖం చెప్పనలవి కాదు. చిక్కంతా దిగాకే. చెప్పుల్లేకుండా వస్తే గేటు దగ్గర సెక్యూరిటీ అన్న ఊరుకోడు, కాబట్టి చెప్పులు సంచీలో ఉండాలి. లోపలికి వెళ్ళగానే కాళ్ళు కడిగేయాలి. కడగకపోతే ఏమవుతుందో మా టీములో అందరికీ తెలుసు. పదకొండున్నర మీటింగులో ఎవరికైనా ఆంధ్రా మెస్సు గోంగూర పప్పు గుర్తొచ్చిందంటే కుర్చీలోంచి జానెడు లేస్తారు. మేనేజరు గారు చూసీ చూడనట్టు ఊరుకుంటారు, ఆయనా వాడతారు కనుక.

చెమట కూడా తడే. ఎత్తంటే భయమున్నవాళ్ళకి అరికాళ్ళు చెమర్చి, దారిలోనే బలం తగ్గిపోతుంది. ఒక్కసారిగా పడిపోరు, పంచరైన టైరులా మెల్లగా దిగిపోతారు, కానీ ఎక్కడ దిగుతారో చెప్పలేం. బెళ్ళందూరు చెరువు నురగలో దిగినవాళ్ళ మొహాలు నేను చూశాను. హైటెన్షన్ తీగలు, గద్దలు సరేసరి. పాత హెచ్‌ఏఎల్ విమానాశ్రయం వైపు అసలు పోవద్దు. అక్కడ తేజస్ విమానాలు ఎగురుతుంటాయి, మన ప్రతాపం వాటి ముందు చూపించుకోనక్కర్లేదు.

ఇక వానాకాలం. 2022 సెప్టెంబరులో అవుటర్ రింగ్ రోడ్డు మునిగినప్పుడు ఐటీవాళ్ళు ట్రాక్టర్లెక్కి ఆఫీసులకి వెళ్ళిన ఫొటోలు మీరూ చూసే ఉంటారు. ఆ ట్రాక్టర్లలో సగంమంది జేబుల్లో ఈ డబ్బాలున్నాయి. గడప దాటితే నీళ్ళు, పూసుకునేదెక్కడ?

ఇక్కడే ఒక తమాషా ఉంది. చిక్కపేట సందుల్లో తక్కువ ధరకి దొరికే రకంలో మైనం కలుపుతారు. అది మనిషెత్తుకి మించి లేపలేదు, వేగం సైకిలంత కూడా ఉండదు. కానీ మైనం వల్ల చిరుజల్లుకి కరగదు. కల్తీ అని అందరూ తిట్టే ఈ సరుకే జులైలో మోకాలి లోతు నీళ్ళు దాటించేస్తుంది. నా బీరువాలో రెండూ ఉన్నాయి. తేడా తెలియాలంటే గోరంత తీసి గ్లాసు నీళ్ళలో వేయండి. అసలుది చప్పున మాయమైపోతుంది, మైనం కలిసింది తెట్టులా తేలుతుంది. దాన్నే అసలు ధరకి అంటగట్టాడనుకోండి, అప్పుడు తిట్టండి.

ఊరికి వెళ్ళడానికే దీని ఉపయోగం ఎక్కువ. సంక్రాంతికి బస్సు టికెట్లు మూడింతలయ్యే రోజుల్లో డబ్బా ఖర్చు దానికదే గిట్టుబాటవుతుంది. భోగినాడు పొద్దున్నే బయల్దేరితే మాత్రం మిద్దె మీది మంచు చాలు కాళ్ళు తడవడానికి, ఎండ పొడిచాకే లేవాలి. తిరుపతి వెళ్ళేవాళ్ళు అలిపిరిలో దిగిపోండి. శ్రీవారి ఆలయం మీదుగా ఎగరకూడదన్నది ఆగమ నియమం. అక్కణ్ణుంచి 3,550 మెట్లు ఉత్తకాళ్ళతో ఎక్కేసరికి లేపనం ఎలాగూ అరిగిపోతుంది.

మనిషి కాళ్ళకి తప్ప దేనికీ పనిచేయదు. గ్యాస్ సిలిండరుకి, స్కూటరు చక్రానికి రాసి చూసినవాళ్ళు మా అపార్టుమెంటులోనే ఉన్నారు. మా అమ్మ మాత్రం దాన్ని పగిలిన మడమలకి రాసుకుంటోంది. "ఎగరడం నాకెందుకురా, మంట తగ్గింది చాలు" అంటుంది. నిజంగానే మడమలు నున్నగా అయ్యాయి. అయితే వంటింట్లో నిలబడి పెద్దమ్మ వాళ్ళ ఇల్లు తలుచుకోకుండా ఉండటం ఆవిడకి కష్టంగా ఉంది.

2025 ఆగస్టులో యెల్లో లైన్ మెట్రో మొదలయ్యాక ఆఫీసుకి లేపనం మానేశాను. చెప్పులు విప్పే పని లేదు, గోంగూర గుర్తొచ్చినా భయం లేదు. ఇప్పుడు ఊరి ప్రయాణాలకి, ఎండాకాలం లేపాక్షి లాంటి చోట్లకి వాడుతున్నాను. ఐదు నక్షత్రాలకి మూడిస్తాను. అనంతపురంలో ఉంటే నాలుగున్నర ఇచ్చేవాణ్ణి.

ఫ్రిజ్‌లో పెట్టకండి, బయటికి తీయగానే చెమ్మ పడుతుంది. బియ్యం డబ్బాలో పెడితే ఏడాది దాటినా చెడదు. కొనేటప్పుడు మూత లోపల రబ్బరు వాషరుందో లేదో చూసుకోండి.