షాంఘై నుంచి కాలువల ఊళ్లకు: గైడ్‌తో ఒక పగలు, మేమే వెళ్లిన ఒక రాత్రి

మా ఆయనకి ఆఫీసు పని మీద షాంఘైలో మూడు నెలలు ఉండాల్సి వచ్చింది, నేనూ అమ్మా కూడా వెళ్లాం. అమ్మది పాలకొల్లు దగ్గర కాలువ గట్టు మీది ఊరు. చిన్నప్పుడు పెళ్లిళ్లకి పడవ మీదే వెళ్లేవాళ్లమని ఇప్పటికీ చెబుతుంది. అందుకే షాంఘై చుట్టుపక్కల ఇళ్ల మధ్య కాలువలు పారే పాత ఊళ్లు ఉన్నాయని తెలిశాక ఇక ఆకాశహర్మ్యాలూ షాపింగ్ మాల్సూ తనకి అక్కర్లేదంది, ముందు వాటికి తీసుకెళ్లమంది.

మేం మొదట గైడ్ ఉన్న ఒక్కరోజు టూరు తీసుకున్నాం, తర్వాత రెండు వారాలకి మేమే వెళ్లి ఒక రాత్రి ఉన్నాం. ముందే చెప్పేస్తాను, మీ దగ్గర ఒక్క రోజే ఉంటే ఒక్క ఊరే చూడండి, రెండు రోజులుంటే అక్కడ నిద్ర చేయండి. ఒకే రోజు రెండు ఊళ్లు చూపిస్తామనే ప్యాకేజీ మాత్రం బాగా ఆలోచించి తీసుకోండి.

యాంగ్జీ నదికి దక్షిణాన, తాయ్ సరస్సు చుట్టూ ఉన్న ఈ నేలంతా కాలువలూ చెరువులే. బియ్యం, పట్టు అన్నీ పడవల మీదే వెళ్లేవి కాబట్టి ఊళ్లన్నీ నీటిని పట్టుకునే పెరిగాయి, చాలా ఇళ్లకి ముందు గుమ్మం వీధిలోకి, వెనక గుమ్మం నీటిలోకి. వూజెన్, షీటాంగ్, నాన్‌షున్, జూజియాజియావో ఇలా చాలా ఉన్నాయి. మా టూరులో ఉన్నవి జౌజువాంగ్, టోంగ్లీ. రెండూ షాంఘై పక్కనున్న సుజౌ నగరం వైపువే. రెండు ఊళ్ల ప్రవేశ టికెట్లు, మధ్యాహ్నం భోజనం, వ్యాను, ఇంగ్లీషు మాట్లాడే గైడ్ అన్నీ కలిపి మనిషికి 580 యువాన్లు తీసుకున్నారు. అప్పట్లో యువాన్ ఇంచుమించు 12 రూపాయలు, ముగ్గురికీ దాదాపు 21 వేలు. ఒక్కో ఊరి టికెట్ 100 యువాన్లు, అంటే మిగిలిన 380 బండికీ గైడ్‌కీ భోజనానికీ అన్నమాట.

ఉదయం 7:45కి హోటల్ కింద సిద్ధంగా ఉండమన్నారు, ఉన్నాం. వ్యాను ఇంకో నాలుగు హోటళ్లు తిరిగి అందరినీ ఎక్కించుకుని నగరం దాటేసరికి 9 దాటింది, జౌజువాంగ్ చేరేసరికి పదిన్నర. అప్పటికే పెద్ద బస్సులు వరసగా ఆగి ఉన్నాయి, జెండా పట్టుకున్న గైడ్లు, వాళ్ల నడుముకి స్పీకర్లు, వెనక టోపీలు పెట్టుకున్న గుంపులు. మూడడుగుల సందులో ఎదురెదురుగా రెండు గుంపులు వస్తే కాసేపు ఎవరూ కదల్లేరు. చేతికర్రతో నడిచే పెద్దవాళ్లుంటే ఆ టైములో చాలా కష్టం.

కానీ మా గైడ్ అమ్మాయి బంగారం. పాతికేళ్లుంటాయేమో, అమ్మని ‘ఆయీ’ అని పిలిచేది, చైనాలో పెద్దావిడల్ని అలా అంటారట, మన పిన్నీ అత్తయ్యా లాగా. తను లేకపోతే జౌజువాంగ్‌లో మాకు సగం అర్థమయ్యేది కాదు. జంట వంతెనలు అని రెండు చిన్న రాతి వంతెనలు ఒకదానికొకటి అడ్డంగా కలిసి ఉంటాయి, ఒకదాని కింద గుండ్రటి కమాను, ఇంకోదాని కింద చదరపు కంత. రెండూ కలిపి చూస్తే పాతకాలం తాళంచెవిలా ఉంటాయని స్థానికులు తాళంచెవి వంతెన అంటారు. చెన్ యిఫెయ్ అనే చిత్రకారుడు 1984లో ఈ వంతెనల్ని గీసిన బొమ్మని అమెరికన్ వ్యాపారి ఆర్మండ్ హామర్ కొని అప్పటి చైనా అగ్రనేత డెంగ్ షియావోపింగ్‌కి బహుమతిగా ఇచ్చాడు. ఈ ఊరి పేరు బయటి ప్రపంచానికి తెలిసింది ఆ బొమ్మతోనే.

షెన్ వారి ఇల్లు 1742లో కట్టింది, వంద గదుల దాకా ఉంటాయి. షెన్ వాన్‌సాన్ అనే మహా ధనవంతుడి పేరు ఊరంతా వినిపిస్తుంది, ఆయన ఇక్కడే ఉండేవాడని చాలామంది అనుకుంటారు. నిజానికి ఆయన నాలుగు వందల ఏళ్ల ముందటి మనిషి, ఈ ఇల్లు ఆయన వంశం వాళ్లు తర్వాత కట్టుకున్నది. ఆయన పేరుతోనే ఎర్రగా నిగనిగలాడే పంది కాళ్ల కూర వీధి పొడుగునా గుట్టలుగా పెట్టి అమ్ముతారు. అమ్మ శాకాహారి, ఆ వీధి దాటేదాకా పమిట కొంగు ముక్కు మీంచి తీయలేదు.

నాకు మాత్రం జాంగ్ వారి ఇల్లే గుర్తుండిపోయింది. మింగ్ రాజుల కాలం (1368–1644) నాటి ఇల్లు. పల్లకీ ముందు గుమ్మంలో దిగుతుంది, పడవ ఇంట్లోంచే పోతుంది అని అక్కడి మాట. వినడానికి సామెతలా ఉంటుంది గానీ లోపలికి వెళ్లి చూస్తే నిజంగానే ఇంటి కింద నుంచి సన్నటి కాలువ వస్తోంది, పడవ వెనక్కి తిప్పుకోడానికి కాస్త వెడల్పు చేసిన చిన్న మడుగు, పక్కన కూర్చోడానికి అరుగు. బయట గట్టు గోడల్లో అక్కడక్కడా చెక్కిన రాళ్లు పొడుచుకొచ్చి ఉంటాయి, మధ్యలో కంత, పడవ తాడు కట్టుకోడానికి. కొన్ని ఎద్దు ముక్కు ఆకారంలో ఉంటాయి, తాడు ఒరుసుకుని ఒరుసుకుని కంత అంచు నున్నగా అయిపోయింది. అమ్మ ఆ అంచు మీద వేలు పెట్టి చుట్టూ తిప్పి చూసింది. మన దగ్గర గట్టు మీద గుంజ పాతేవాళ్లం, ఇక్కడ గోడలోనే పెట్టేశారు అంది.

పడవ డబ్బులు ప్యాకేజీలో లేవు. మనిషికి కాదు, పడవకింత అని తీసుకుంటారు, కాబట్టి మా గుంపులోని ఒక కెన్యా జంటతో కలిసి ఎక్కాం. నీలం అద్దకం చొక్కా వేసుకున్న ఆవిడ వెనక నిలబడి ఒక్క పొడుగాటి తెడ్డుతోనే నడిపింది. తెడ్డు కొసని నీళ్లలోంచి పైకి తీయదు, అటూ ఇటూ తిప్పుతూనే ఉంటుంది, చేతి పిడి నుంచి పడవ అడుగుకి ఒక తాడు కట్టి ఉంటుంది. గడ వేసి తోయడం, గట్టు మీద నడుస్తూ తాడుతో లాగడం చూసిన అమ్మకి ఇది కొత్త. పాట పాడమంటే పాడతారు, దానికి విడిగా ఇవ్వాలి. ఇవ్వండి, ఆ వంతెన కింద గొంతు మారుమోగితే చాలా బాగుంటుంది.

ఇక్కడి దాకా ఇచ్చిన డబ్బులకి న్యాయమే జరిగింది. భోజనం గురించి ఎక్కువ చెప్పడానికి లేదు, పది మందికి ఒక గుండ్రటి బల్ల, శాకాహారం అని ముందే రాసి పంపినా అమ్మకి దొరికింది అన్నం, ఉడికించిన ఆకుకూర, టొఫు. కూరగాయలు కూడా కొన్నిచోట్ల పంది కొవ్వుతో వేయిస్తారు, అందుకని ‘వో చి సు’, అంటే నేను శాకాహారిని అన్న మాట చైనీసు అక్షరాల్లో ఫోన్‌లో పెట్టుకుని ప్రతి చోటా చూపించండి. పెసర రంగులో ముక్కలుగా కోసి అమ్మే చియెన్‌షీ గావ్ అనే బియ్యప్పిండి స్వీటు మాత్రం హాయిగా తినొచ్చు. చియెన్‌షీ అంటే మన మఖానా గింజే, అదే మొక్క. అమ్మ రెండు పొట్లాలు కొనుక్కుంది.

అసలు బాధ ఆ తర్వాత. టూరు కార్యక్రమంలో ‘పట్టు తయారీ చూడటం’ అని ఒక లైను ఉంది, అరగంట అనుకున్నాం. మొదటి పది నిమిషాలు నిజంగా బాగుంది. రెండు పురుగులు కలిసి కట్టిన గూళ్లలో పోగులు చిక్కుపడి దారం తీయడానికి పనికిరావు, వాటిని నీళ్లలో సాగదీసి పలచటి పొరలు చేసి, నలుగురు నాలుగు మూలలు పట్టుకుని బొంత మీద పరుస్తారు. మాక్కూడా ఒక మూల ఇచ్చి లాగమన్నారు. అక్కడ నుంచి అమ్మకాల హాల్లోకి తీసుకెళ్లి తలుపు దగ్గరే మనిషిని నిలబెట్టి, బొంతలు, స్కార్ఫులు, పైజమాలు ఒకదాని తర్వాత ఒకటి చూపిస్తూ గంటా పది నిమిషాలు ఉంచేశారు. కొననంటే మొహం మాడ్చారు. గైడ్ అమ్మాయిని అడిగితే తల దించుకుని, కంపెనీ రూలు అంది. ఆ అమ్మాయి మీద నాకు కోపం లేదు. బుక్ చేసేటప్పుడే ఎన్ని షాపులు, ఒక్కో చోట ఎంతసేపు అని అడిగి రాతపూర్వకంగా తీసుకోవాల్సింది, మీరు తప్పకుండా అడగండి.

దాంతో టోంగ్లీ చేరేసరికి మూడు దాటింది, మాకిచ్చింది గంటన్నర. టోంగ్లీలోని తుయ్‌సీ తోట, పదవి పోగొట్టుకున్న రెన్ లాన్‌షెంగ్ అనే అధికారి 1885లో మొదలుపెట్టి రెండేళ్లలో కట్టించుకున్నది. ఇంటికి తిరిగొచ్చి చేసిన తప్పుల గురించి ఆలోచించుకోవడం అని ఆ పేరుకి అర్థం. సుజౌ తోటలతో పాటు 2000లో యునెస్కో జాబితాలో చేరింది. ఎకరంన్నర ఉంటుందేమో, కానీ మంటపాలన్నీ నీటి మట్టానికి ఎంత దగ్గరగా ఉంటాయంటే తోట మొత్తం తేలుతున్నట్టు ఉంటుంది. అలాంటి చోట పాతిక నిమిషాలు. ఆ తర్వాత తైపింగ్, జీలీ, ఛాంగ్‌చింగ్ అనే మూడు వంతెనలు. శాంతి, శుభం, శాశ్వత సంతోషం అని చెప్పొచ్చు వాటి పేర్ల అర్థం. పెళ్లి ఊరేగింపులు ఈ మూడూ దాటతాయట, 66వ పుట్టినరోజున పెద్దవాళ్లు భోజనం చేసి వచ్చి దాటతారట. అమ్మకి ఈ ఏడే 66 నిండాయి. గైడ్ అమ్మాయి సంబరపడి, ఆయీ, మీరు దాటాల్సిందే అంది. మొదటి వంతెన ఎక్కామో లేదో డ్రైవరు ఫోన్ చేశాడు, ట్రాఫిక్ పెరుగుతోంది, వెంటనే రమ్మని. రెండు మిగిలిపోయాయి. వ్యాను కదిలేటప్పుడు ఇళ్ల ముందు ఎర్ర లాంతర్లు అప్పుడే వెలిగిస్తున్నారు. అమ్మ దారంతా ఏమీ మాట్లాడలేదు.

అందుకే రెండు వారాల తర్వాత మేమే వెళ్లాం. కష్టమేమీ కాదు. షాంఘై నుంచి సుజౌకి హైస్పీడ్ రైల్లో అరగంట, స్టేషన్లోకి పాస్‌పోర్టు తప్పనిసరి. సుజౌ రైల్వే స్టేషన్ కిందే మెట్రో 4వ లైను, అది నేరుగా టోంగ్లీ స్టేషన్ దాకా వెళుతుంది, అక్కడి నుంచి పాత ఊరికి బస్సు గానీ కారు గానీ. చెల్లింపులన్నీ అలీపే అనే ఫోన్ యాప్‌లో మన ఇంటర్నేషనల్ కార్డు కలుపుకుని చేశాం, 200 యువాన్లు దాటిన బిల్లు మీద 3 శాతం అదనం పడుతుంది.

బస ఒక పాత చెక్క ఇంట్లో, కాలువ వైపు గది, వారం మధ్యలో కాబట్టి రాత్రికి 320 యువాన్లు. విదేశీ పాస్‌పోర్టు వాళ్లని తీసుకుంటారా అని ముందే మెసేజ్ పెట్టి అడిగాం. కార్లు పాత వీధుల్లోకి రావు, పెట్టె ఈ రాళ్ల మీద లాగడం నరకం, వీపు సంచీ తెచ్చుకోండి. మెట్లు నిచ్చెనలా నిటారుగా ఉన్నాయి, అమ్మకి కింది గది ఇమ్మని బతిమాలుకున్నాం. పరుపు గట్టి, బాత్రూం జారుడు, దోమలున్నాయి. కానీ ఇంటావిడ అడక్కుండానే ఫ్లాస్కు నిండా వేణ్ణీళ్లు తెచ్చి పెట్టింది, పొద్దున్నే గంజీ ఊరగాయా పెట్టింది, అమ్మ రెండు గిన్నెలు తాగింది. సాయంత్రం అయిదున్నరకి బస్సులన్నీ వెళ్లిపోయాక ఆ ఊరే వేరు. పిల్లలు వంతెన మెట్ల మీద హోంవర్క్ చేసుకుంటున్నారు, ముసలివాళ్లు గుమ్మాల్లో స్టూళ్లేసుకుని శనక్కాయలు ఒలుస్తున్నారు.

అంత తీరిక లేదంటే షాంఘైలోనే ఉన్న జూజియాజియావో చాలు. మెట్రో 17వ లైను, పది యువాన్లలోపే, ఊళ్లోకి టికెట్ లేదు, 1571లో మొదట కట్టిన అయిదు కమానుల వంతెన చూడొచ్చు. దుకాణాలు మరీ ఎక్కువ, నాకు టోంగ్లీ అంత నచ్చలేదు. ఎక్కడికి వెళ్లినా అక్టోబరు మొదటి వారం, మే మొదటి వారం వద్దు, దేశమంతా సెలవులు.

మర్నాడు ఆరింటికి లేచి చూస్తే అమ్మ పక్క మీద లేదు. కంగారుగా బయటికొస్తే ఇంటి వెనక రాతి మెట్ల మీద ఉంది. కింది మెట్టు మీద ఇంటావిడ కూర్చుని ఆకుకూర కట్టలు నీళ్లలో ఆడించి ఒక్కొక్క ఆకూ విడదీసి బుట్టలో వేస్తోంది, రెండు మెట్లు పైన మా అమ్మ ఒక కట్ట అందుకుని అదే పని చేస్తోంది. ఒకరి మాట ఒకరికి తెలీదు. నన్ను చూసి, మన రేవు లాగే ఉంది కదే అంది.

ఆ తర్వాత ముగ్గురం వంతెనల దగ్గరికి వెళ్లాం. మూడూ ఒకదానికొకటి దగ్గరే, చుట్టూ తిరిగి వచ్చేస్తాం, వెనక్కి నడవక్కర్లేదు. దుకాణాల తలుపులు ఇంకా తియ్యలేదు. తైపింగ్ మళ్లీ మొదటి నుంచీ ఎక్కుతానంది అమ్మ, జీలీ మీద కాసేపు ఆగింది, ఛాంగ్‌చింగ్ దిగాక చెప్పులు విప్పి మెట్టు మీద కూర్చుని, ఇంటికి ఫోన్ చెయ్యి, మీ నాన్నకి చూపిస్తాను అంది.