ఫాలాంక్సా, లీజియనా?

ఎదురెదురుగా ఢీకొంటే అలెగ్జాండర్ రాజ్యమైన మాసిడోనియా ఫాలాంక్స్‌కు (పొడుగు బల్లేలతో దగ్గరదగ్గరగా కట్టే సైనిక వరుసలకు) తిరుగులేదు. సరిస్సా అనే బల్లెం పొడవు 5 నుంచి 6 మీటర్లు. రెండు చేతులా పట్టాల్సిందే, డాలు మెడకు వేలాడేది. 16 వరుసల్లో మొదటి 5 వరుసల మొనలూ ముందుకు పొడుచుకొస్తాయి. రోమన్ లీజియన్ (చిన్న దళాలుగా విడిపోయి పోరాడే సేన) సైనికుడి చేతిలో విసురుడు ఈటె, పొట్టి కత్తి, పెద్ద డాలు. ఆ మొనల అడవిలోకి కత్తితో దూరడమంటే మాటలా?

ఖర్చు: సరిస్సా అంటే కర్ర, ఇనుప మొన. రోమన్ సామగ్రే ఖరీదు.

శ్రమ: రెండింటికీ కసరత్తు తప్పదు.

రిస్క్: అసలు తేడా ఇక్కడే. క్రీ.పూ. 197లో గ్రీసులోని కైనోసెఫలే గుట్టలపై రోమన్లతో పోరులో మాసిడోనియా రాజు ఐదో ఫిలిప్ సేన కుడి పక్క గెలుస్తోంది, ఎడమ పక్క ఇంకా వరుస కట్టనేలేదు. ఒక రోమన్ ట్రిబ్యూన్ (సైనికాధికారి) 20 మానిపుల్స్ (చిన్న దళాలు) తీసుకుని, గెలుస్తున్న కుడి పక్కను వెనక నుంచి కొట్టాడు. అంత పొడుగు బల్లెంతో గిరుక్కున తిరగడం అయ్యే పనేనా? క్రీ.పూ. 168లో పిడ్నా యుద్ధంలోనూ ఎగుడుదిగుడు నేల మీద ఫాలాంక్స్ వరుసల్లో సందులు పడ్డాయి, రోమన్లు అందులో దూరారు.

చదును నేల, పక్కల్ని కాసే మంచి గుర్రపుదళం ఉంటే ఫాలాంక్స్, అలెగ్జాండర్ చేసిందదే. గుట్టలు, అనుకోని మలుపులు ఉంటే లీజియన్.