‘వైట్ రైట్: మీటింగ్ ది ఎనిమీ’, పడుకునే ముందు మాత్రం చూడకండి

డల్లాస్‌లో ఉండే మా అక్క "చూడవే, కానీ రాత్రిపూట వద్దు" అంది. నేను సరిగ్గా రాత్రే పెట్టుకున్నాను. గంట కూడా లేని డాక్యుమెంటరీ, అయినా నిద్ర పట్టేసరికి రెండయింది.

తీసింది దీయా ఖాన్. నార్వేలో పుట్టిన ముస్లిం అమ్మాయి. 2016లో బీబీసీ ఇంటర్వ్యూలో బ్రిటన్ ఇక ఎప్పటికీ తెల్లవాళ్లు మాత్రమే ఉండే దేశం కాబోదని అన్నందుకు చంపుతామని బోలెడు మెసేజ్‌లొచ్చాయి. మనమైతే బ్లాక్ కొట్టి ఊరుకుంటాం, ఈవిడ మాత్రం అమెరికా వెళ్లి తెల్లవాళ్లే గొప్పని నమ్మే నియో నాజీల (హిట్లర్ భావాల్ని ఇప్పటికీ మోసేవాళ్ల) ఎదురుగానే కుర్చీ వేసుకుని కూర్చుంది. 2017 ఆగస్టులో షార్లట్స్‌విల్ అనే ఊళ్లో ఇలాంటి గుంపులన్నీ కలిసి చేసిన ర్యాలీకి కూడా వాళ్ల వెంటే వెళ్లింది.

2017 అనగానే మనవాళ్లకి ఇంకోటి గుర్తొస్తుంది. ఆ ఫిబ్రవరిలోనే కాన్సస్‌లోని ఒలేతేలో, ఒక బార్‌లో, మా దేశం వదిలి పొమ్మంటూ ఒక తెల్లవాడు మన తెలుగు ఇంజినీర్ కూచిభొట్ల శ్రీనివాస్‌ని కాల్చి చంపాడు. ఆ తర్వాత కొన్ని నెలలు మా అక్క షాపుల్లో తెలుగులో ఫోన్ మాట్లాడటమే మానేసింది. అందుకే సినిమా మొదలైనప్పుడు నాకు జాలి లేదు, ఒట్టి కోపమే.

దీయా వాదించదు. అడుగుతుంది, ఆగుతుంది. ఆ ఆగడంలోనే ఉంది పనితనమంతా. మీరు అధికారంలోకొస్తే నన్ను కూడా పంపించేస్తారా అని నియో నాజీ సంస్థలో పెద్ద పదవిలో ఉన్నవాడిని అడిగితే, అంతసేపూ గడగడా మాట్లాడినవాడు నీళ్లు నమిలాడు. సిద్ధాంతం ప్రకారం అవుననాలి, ఎదురుగా ఉన్నదేమో ఇన్నాళ్లూ తనతో కబుర్లు చెప్పిన మనిషి.

నచ్చనిదీ ఉంది. సూటు వేసుకుని పుస్తకాల భాషలో తెల్లజాతి గొప్పదని వాదించే జేరెడ్ టేలర్ లాంటి వాళ్ల దగ్గర ఈ పద్ధతి పెద్దగా పారలేదు, పైగా అసలు ప్రమాదం వాళ్లేనేమో అనిపించింది. ఇంకోటి, తిట్టినవాణ్ని మార్చే పని కూడా తిట్లు తిన్న మనిషే నెత్తినేసుకోవాలా? ఈ ప్రశ్న సినిమా గట్టిగా వేసుకోలేదు.

అయితే ఫలితం లేదనలేం. ఇందులో కనిపించే కెన్ పార్కర్, ఒంటి మీద స్వస్తిక పచ్చబొట్టు ఉన్నవాడు, తర్వాత ఆ గుంపు వదిలేశాడు. ఏళ్ల తరబడి ఆ నియో నాజీ సంస్థని నడిపిన జెఫ్ షూప్ కూడా 2019లో బయటికొచ్చాడు. 2018లో ఇంటర్నేషనల్ ఎమ్మీ అనే టీవీ అవార్డు వచ్చిందీ సినిమాకి. నా లెక్కలో ఐదుకి నాలుగు.

చూశాక ఊపులో మా మేనత్త కొడుక్కి లింక్ పంపాను. ఎన్నికలప్పుడు ఫ్యామిలీ గ్రూప్‌లో గొడవపడి మాటలు మానేసిన బావ. "బావా, ఖాళీగా ఉంటే చూడు" అని మాత్రమే రాశాను. నీలం టిక్కులు పడి నాలుగు రోజులైంది.