హన్మకొండల ఫోన్ రూట్ చేపిచ్చిన షాపు, నా రివ్యూ

హన్మకొండ చౌరస్తా దగ్గర లోపలి సందుల ఉంటది, రోడ్డు మీదికి కనపడదు. ఒక్కడే కూసుంటడు, అందరు ఒక్కసారే పోతే ఆయనకు తిప్పలయితది, అందుకే పేరు వెయ్యట్లే, కావాల్నంటే అడగుర్రి చెప్త.

నా దగ్గర పోకో ఎఫ్1 ఉన్నది, 2018ల వచ్చిన ఫోను, స్నాప్‌డ్రాగన్ 845, ఇప్పటికీ మస్తు నడుస్తది, మా జిరాక్స్ షాపుల హాట్‌స్పాట్ కోసం పొద్దంత చార్జింగ్‌లనే పెట్టి ఉంచుతం, గట్ల ఎప్పుడు 100 మీదనే ఉంటే బ్యాటరీ ఉబ్బుతదని నా భయం. 80 శాతం కాడ చార్జింగ్ ఆపేటందుకు ఏసీసీ అని మాడ్యూల్ (రూట్ చేసిన ఫోన్ల వేసుకునే చిన్న ప్రోగ్రాం) ఉన్నది గానీ దానికి రూట్ కావాలె, అంటే ఫోన్ సిస్టమ్ మీద పూర్తి హక్కు తీసుకునుడు.

ఫోన్ చేతిల పట్టుకోకముందే ఆయన అడిగింది "అన్నా, ఇందుల యూపీఐ గిట్ల వాడుతున్నవా?" అని. వాడితే రూట్ వద్దన్నడు. రూట్ కావాల్నంటే ముందుగాల బూట్‌లోడర్ (ఫోన్ ఆన్ కాంగనే సిస్టమ్‌ను లేపే ప్రోగ్రాం) తాళం తియ్యాలె, గట్ల అన్‌లాక్ అయినట్టు ప్లే ఇంటిగ్రిటీ అనే గూగుల్ చెక్‌ల తెలుస్తది, బ్యాంకు యాప్‌లు ఇయ్యాల నడిచినా రేపు ఆగిపోవచ్చు, రూట్‌ను దాపెట్టే మాడ్యూళ్లు ఉన్నయి గానీ వాటిని నమ్ముకొని పైసల పని పెట్టుకోవద్దని మొహం మీదనే చెప్పిండు. నాకు గక్కడనే నచ్చిండు, ఎందుకంటే చానా మంది పైసలు తీస్కున్నంక గానీ ఈ సంగతి చెప్పరు.

పోకో షావోమీ వాళ్లదే, నా ఫోన్ లాంటి పాత షావోమీ ఫోన్లకు ఎంఐ అకౌంట్ కలిపినంక సుమారు వారం ఆగాలె, 168 గంటలని కంపెనీ అన్‌లాక్ టూల్‌లనే చూపెడ్తది, అదయినంకనే అన్‌లాక్. అప్పుడు డేటా మొత్తం పోతది, ఫొటోలు తీస్కున్నవా అని రెండుసార్లు అడిగిండు. తర్వాత సెట్టింగ్స్‌ల ఉన్న ఎంఐయూఐ (షావోమీ వాళ్ల ఆండ్రాయిడ్) వెర్షన్ నంబర్ చిట్టీ మీద రాసుకొని, గదే వెర్షన్ ఫర్మ్‌వేర్ (కంపెనీ సిస్టమ్ ఫైలు) దించి, అందులకెళ్లి బూట్ ఇమేజ్ (ఫోన్ లేచేటప్పుడు మొదలు నడిచే భాగం) తీసి, చిట్టీ మీదిది స్క్రీన్ మీదిది ఒక్కొక్క అంకె వేలు పెట్టి సరిచూసుకున్నడు. వేరే వెర్షన్‌ది ఎక్కిస్తే వైఫై పోవచ్చు, లేకుంటే లోగో కాడనే తిరుగుతదట. ఆ బూట్ ఇమేజ్‌ను మ్యాజిస్క్ అనే రూట్ యాప్‌తోని మార్చి, ఫాస్ట్‌బూట్‌ల (కంప్యూటర్‌కెళ్లి ఫోన్‌కు ఫైళ్లు ఎక్కిచ్చే మోడ్) పెట్టి ఎక్కిచ్చిండు. అసలు బూట్ ఇమేజ్ నా పెన్‌డ్రైవ్‌ల వేసిచ్చిండు, ఇది పారేసుకోకు అన్నడు.

వెరిఫైడ్ బూట్, అంటే సిస్టమ్‌ను ఎవరన్న మార్చిన్రా అని ఫోనే చూసుకునే సంగతి కూడా మంచిగ అర్థమయ్యేటట్టు చెప్పిండు. ఫోన్ ఆన్ కాంగనే బూట్‌లోడర్ ముందుగాల బూట్ ఇమేజ్ మీది డిజిటల్ సంతకం చూస్తది, సిస్టమ్‌ను చదివేటప్పుడేమో డీఎం-వెరిటీ అనే ఇంకో చెక్ బ్లాకు బ్లాకు చూస్తది, ఆండ్రాయిడ్ 7 నుంచి ఇది గట్టిగ చేసిన్రు. మ్యాజిస్క్ బూట్ ఇమేజ్‌ను మారుస్తది కాబట్టి సంతకం కుదరదు, అన్‌లాక్ ఉన్నన్ని రోజులే ఫోన్ లేస్తది. మా బామ్మర్ది ఫోన్ వేరే కాడ రూట్ చేసి, సేఫ్టీ కోసమని మళ్ల లాక్ చేసిచ్చిన్రు, ఇంటికొచ్చి ఆన్ చేస్తే 'ది సిస్టమ్ హ్యాజ్ బీన్ డిస్ట్రాయ్డ్' అని పడ్డది! అదే అకౌంట్‌తోని మళ్ల అన్‌లాక్ చేసి, కంపెనీ రోమ్ (అసలు సిస్టమ్) ఎక్కిచ్చి లేపింది గీ షాపాయననే. రోమ్ ఎక్కిచ్చే ఎంఐ ఫ్లాష్ టూల్‌ల కింద 'క్లీన్ ఆల్ అండ్ లాక్' అని ముందే టిక్కయి ఉంటది, సొంతంగ చేసుకునేటోళ్లు అది తప్పక చూసుకోవాలె.

సామ్‌సంగ్ తెస్తే మటుకు ముట్టడు. అందుల నాక్స్ అనే సెక్యూరిటీకి ఒక ఫ్యూజ్ ఉంటది, అది ఒక్కసారి పోయిందంటే మళ్ల కంపెనీ సిస్టమ్ ఎక్కిచ్చినా తిరిగి రాదు, కరెంటు మీటర్ సీల్ తెంపినట్టే, ఫైళ్లు దాసుకునే సెక్యూర్ ఫోల్డర్ పోతది. ఈ మాట ముందే చెప్పి కస్టమర్ను వాపస్ పంపుడు నేను కండ్లార చూసిన.

నాకు నచ్చనిదేందంటే లాప్‌టాప్ మస్తు స్లో, ఫర్మ్‌వేర్ దిగేదాక కూసునుడే, కూసుందామంటే ఒక్క స్టూలే. బండి పెట్ట జాగ లేదు, ఆదివారం బంద్. 500 తీస్కున్నడు, చేసిన పనికి అది ఎక్కువేం కాదు.

ఇప్పుడు నా ఫోన్ లోగో కింద 'అన్‌లాక్డ్' అని పడ్తది, చార్జింగ్ 80 కాడ ఆగుతుంది. పోయేటోళ్లు ఎంఐ అకౌంట్ పాస్‌వర్డ్ యాదికుందో లేదో చూసుకొని పోర్రి, సిమ్ ఫోన్‌లనే ఉంచుర్రి, అకౌంట్ కలిపేటప్పుడు వైఫై కాదు మొబైల్ డేటానే ఆన్ ఉండాలె.