అలన్ హోల్డ్స్‌వర్త్: ఏళ్ళ తరబడి విన్నాక నా మాట

కూనిరాగం తీసుకోవడానికి వీలైన పాటలు కావాలంటే గిటారిస్ట్ అలన్ హోల్డ్స్‌వర్త్ జోలికి వెళ్ళకండి. ఏళ్ళ తరబడి ఆయన ఆల్బమ్‌లు వింటున్నాను, ఇంట్లో గిటార్ పట్టుకుని ఆయన కార్డులతో (ఒకేసారి మోగే స్వరాల గుత్తులతో) కుస్తీ కూడా పడుతున్నాను. ఇప్పటికీ ఒక్క సోలో అయినా మొదటినుంచి చివరిదాకా నోటికి రాలేదు. అయినా వదల్లేదు. ఎందుకో, ఎక్కడ విసుగొచ్చిందో రెండూ చెబుతాను.

ఆయన 1946లో ఇంగ్లండ్‌లోని బ్రాడ్‌ఫర్డ్‌లో పుట్టాడు. తాత శామ్ పియానో వాయించేవాడు, పెంచింది కూడా ఆయనే. పిల్లాడికేమో శాక్సొఫోన్ మీద మనసు, చేతికొచ్చిందేమో గిటార్. తీగను మీటితే టక్కున మోగి, ఆ క్షణం నుంచే సన్నగిల్లుతుంది. ఊదే వాద్యంలో ఊపిరి ఉన్నంతసేపూ స్వరం నిలుస్తుంది. ఈ తేడాను చెరిపేయడానికే జీవితమంతా పెట్టాడనిపిస్తుంది. కుడిచేత్తో చాలా తక్కువగా మీటి, ఎడమచేతి వేళ్ళను గిటార్ మెడ మీది ఫ్రెట్ల (అడ్డపట్టీల) మీద మోపుతూనే స్వరాలు పలికించేవాడు. ఒక సోలోను సగం వేగానికి తగ్గించి విన్నాను. ఎక్కడ మీటాడో, ఎక్కడ వేళ్ళతోనే లాగించాడో చాలాచోట్ల పట్టుకోలేకపోయాను.

కొత్తగా వినేవాళ్ళు ఆయన సొంత ఆల్బమ్‌లతో కాకుండా, వేరేవాళ్ళ బ్యాండ్‌లలో వాయించినవాటితో మొదలుపెట్టడం మంచిది. 1970లలో ఏ బ్యాండ్‌లోనూ ఎక్కువకాలం నిలవలేదు. సాఫ్ట్ మెషిన్‌లో 1975 ‘బండిల్స్’, అదే ఏడాది అమెరికాలో డ్రమ్మర్ టోనీ విలియమ్స్‌తో ‘బిలీవ్ ఇట్’, తర్వాత గాంగ్ బ్యాండ్, వయొలినిస్ట్ జాన్ లుక్ పాంటీ, 1978లో యూకే అనే బ్యాండ్, ఇక డ్రమ్మర్ బిల్ బ్రూఫర్డ్ బ్యాండ్. యూకే మొదటి ఆల్బమ్‌లో ‘ఇన్ ద డెడ్ ఆఫ్ నైట్’ వినండి. జాన్ వెటన్ గొంతు, గట్టి తాళం, అందరికీ అందే బాణీ ఉంటాయి. వాటి మధ్యలోకి ఈయన సోలో జారుకుంటూ వచ్చేసరికి పాట నేల వదిలేస్తుంది. చుట్టూ అంత స్థిరమైన కట్టడం ఉంది కాబట్టే ఆ ఎగురుడు తెలుస్తుంది. బ్రూఫర్డ్ 1979 ఆల్బమ్ ‘వన్ ఆఫ్ ఎ కైండ్’ కూడా ఇంతే, నేను అన్నిటికంటే ఎక్కువగా అరిగేలా విన్నది అదే.

సొంత ప్రయాణం 1982లో ‘ఐ.ఓ.యు.’తో గాడిలో పడింది. కంపెనీ అండ లేకుండా తెచ్చుకున్న రికార్డు. వాయింపు అద్భుతం, పాడిన భాగాలు మాత్రం నాకు ఎన్నిసార్లు విన్నా అతకలేదు. రాక్ గిటారిస్ట్ ఎడ్డీ వాన్ హేలెన్ చొరవతో వార్నర్ రికార్డు సంస్థ తలుపు తెరిచింది, 1983లో ‘రోడ్ గేమ్స్’ వచ్చింది, గ్రామీ నామినేషన్ కూడా దక్కింది. కానీ ప్రొడ్యూసర్‌తో పొసగలేదు, ఆ బంధం అక్కడితో సరి. 1985 ‘మెటల్ ఫెటీగ్’ దగ్గరికి వచ్చేసరికి ఆయనే ఆయనగా కుదురుకున్నాడు. సొంత ఆల్బమ్‌లలో ఒక్కటే కొనాలంటే అదే కొనండి.

అందరూ ఆయన వేగం గురించే మాట్లాడతారు. అది కొన్నాళ్ళకు అలవాటైపోతుంది, నిజం చెప్పాలంటే కొన్నిచోట్ల తలనొప్పి కూడా. నన్ను పట్టి ఉంచింది కార్డులు. కాలితో శబ్దాన్ని పెంచి తగ్గించే వాల్యూమ్ పెడల్ మూసి ఉంచి తీగలు మీటుతాడు, ఆ టక్కుమన్న చప్పుడు పోయాక పెడల్ నెమ్మదిగా తెరుస్తాడు. కార్డు ఎక్కడ మొదలైందో తెలియకుండా ఉబికి వస్తుంది. డిలే యంత్రాలు (శబ్దాన్ని ప్రతిధ్వనిలా మళ్ళీ వినిపించేవి) దాన్ని పట్టి ఉంచుతుంటే, అది ఆరకముందే రెండోది దానిలో కలుస్తుంది. ఇంట్లో ప్రయత్నించి చూశాను. పెడల్ సంగతి త్వరగానే వచ్చేసింది. వేళ్ళు మాత్రం చాచలేక చాచలేక చిటికెనవేలు మొండికేసింది. ఆయన చేతులు పెద్దవి, పైగా స్కేళ్ళను (స్వరాల వరసలను) ఏ పుస్తకంలోంచీ కాకుండా అంకెల లెక్కలతో సొంతంగా కట్టుకున్నాడు. అందుకే ఆ కార్డులు మామూలు పాఠాల్లో దొరకవు.

ఇక సింథాక్స్. గిటార్ ఆకారంలో ఉండి సింథసైజర్‌ను (ఎలక్ట్రానిక్‌గా శబ్దాలు పుట్టించే వాద్యాన్ని) పలికించే ఇంగ్లండ్ యంత్రం ఇది. ఎడమచేతికి ఒక వరస తీగలు, కుడిచేతికి వేరే వరస. నోట్లో గొట్టం పెట్టుకుని ఊదుతూ స్వరాన్ని పెంచి తగ్గించేవాడు. చిన్నప్పటి శాక్సొఫోన్ కోరిక ఇలా తీరిందనుకోవచ్చు. 1986 ‘అటవాక్రాన్’, 1987 ‘శాండ్’ దీనితోనే ముందుకొచ్చాయి. ఆలోచన గొప్పదే. శబ్దం మాత్రం ఆ కాలపు కీబోర్డు వాసన కొడుతుంది, ఎన్నేళ్ళు విన్నా పోలేదు. ‘అటవాక్రాన్’లో టోనీ విలియమ్స్ డ్రమ్స్ వాయించిన ‘లుకింగ్ గ్లాస్’ ఒక్కటి మినహాయింపు.

2000లో వచ్చిన ‘ద సిక్స్‌టీన్ మెన్ ఆఫ్ టెయిన్’ను చాలామంది పట్టించుకోరు, అదేంటో అర్థం కాదు. అకూస్టిక్ బేస్, తేలికపాటి డ్రమ్స్, గిటార్‌కు ఊపిరి తీసుకునే చోటు. సాయంత్రం ఇంట్లో పెడితే జాజ్ అంటే పడనివాళ్ళు కూడా ఆపమనలేదు.

2017 ఏప్రిల్‌లో కాలిఫోర్నియాలో 70 ఏళ్ళకు పోయాడు. దానికి కొద్దిరోజుల ముందే ఆయన సొంత ఆల్బమ్‌ల 12 సీడీల సెట్ వచ్చింది. గిటారిస్టులు దేవుడిలా చూసిన మనిషికి అంత్యక్రియల ఖర్చులు అభిమానుల చందాలతో గడిచాయి. ఇది తలుచుకున్నప్పుడల్లా కోపం వస్తుంది.

కొనేవాళ్ళకు రెండు మాటలు. ఫోన్ స్పీకర్‌లో వినకండి, ఉబికి వచ్చే కార్డులు అందులో అసలు వినిపించవు, కీచుమనే సోలోలే మిగులుతాయి. మంచి హెడ్‌ఫోన్స్ ఉంటే చాలు. 1976లో ఆయన పేరుతో వచ్చిన ‘వెల్వెట్ డార్క్‌నెస్’ చవగ్గా దొరికినా డబ్బు దండగ. రిహార్సల్‌ను రికార్డు చేసి అమ్మేశారని ఆయనే దాన్ని తనదిగా ఒప్పుకోలేదు.