మంట లేని రిఫ్లక్స్‌కి ఆల్జినేట్ సిరప్: ఏడాదికి పైగా వాడాక

ఛాతీలో మంట లేకపోయినా పొద్దున్నే గొంతు బొంగురుపోయి, రోజంతా కళ్లె అడ్డుపడినట్టు సవరించుకునేవాళ్ల కోసం ఇది. నేను హైస్కూల్లో లెక్కలు చెబుతాను. మధ్యాహ్నానికల్లా మాట పోయేది. ఈఎన్‌టీ డాక్టర్ ముక్కులోంచి సన్నని కెమెరా పంపి చూసి, స్వరపేటిక వెనకభాగం ఎర్రబడింది, రిఫ్లక్స్ (కడుపులోది గొంతు దాకా ఎగదన్నడం) కావచ్చు అన్నారు. కావచ్చు అనే అన్నారు, ఎందుకంటే అలర్జీ వల్లా, గొంతు అతిగా వాడటం వల్లా కూడా అలా ఎర్రబడుతుంది.

ముందు యాసిడ్ తగ్గించే పాంటోప్రజోల్ మాత్ర రాశారు. పరగడుపున వేసుకుని, అరగంట ఆగి టిఫిన్. నెలల తరబడి వాడినా గొంతులో పెద్ద తేడా లేదు. నా ఒక్కడి సంగతే కాదిది. ఇలాంటి గొంతు బాధలున్న 346 మందితో బ్రిటన్‌లో చేసిన ట్రయల్ ఫలితాలు 2021లో వచ్చాయి. అందులో అదే కోవకు చెందిన లాన్సోప్రజోల్ 16 వారాలు ఇచ్చినా ఉత్తుత్తి మాత్ర కంటే మెరుగేమీ కనిపించలేదు. ఈ మాత్రలు యాసిడ్‌ని తగ్గిస్తాయి గానీ, కడుపులోది పైకి ఎగదన్నకుండా ఆపవు. దాంతోపాటు వచ్చే పెప్సిన్ అనే జీర్ణ ఎంజైమ్ గొంతు పొరనీ దెబ్బతీస్తుంది.

సిరప్ పని వేరు. సముద్రపు నాచు నుంచి తీసే ఆల్జినేట్ కడుపులో యాసిడ్ తగలగానే చిక్కబడి, పాల మీద మీగడలా పైన తేలి అడ్డుగా నిలుస్తుంది. అందుకే తిన్న తర్వాతే తాగాలి. రాత్రి మోతాదు అన్నిటికన్నా ఆఖరున. దాని మీద మజ్జిగ తాగితే సిరప్ దండగ. కొన్ని వారాలకు పొద్దుటి బొంగురు తగ్గింది, చివరి పీరియడ్ దాకా గొంతు నిలబడుతోంది.

గొప్పంతా సీసాదే అనను. రాత్రి భోజనం ఏడింటికల్లా ముగిస్తున్నాను, పులుసు, చారు మధ్యాహ్నానికే పరిమితం. మంచం తలవైపు కోళ్ల కింద ఇటుకలు పెట్టాం. రెండు దిండ్లు వేసుకుంటే నడుం దగ్గర వంగి పొట్ట నొక్కుకుపోతుంది, అది పనికిరాదు. గొంతు సవరించుకోవాలనిపిస్తే ఓ గుక్క నీళ్లు.

ఇక లోపాలు. సుద్ద రుచి, మాత్రల కంటే ఖర్చు. సోడియం ఉంటుంది కాబట్టి బీపీ ఉన్నవాళ్లు డాక్టర్‌ని అడగాలి. బొంగురు మూడు నాలుగు వారాలు దాటినా, మింగడం కష్టమైనా, మెడలో గడ్డ తగిలినా ముందు ఈఎన్‌టీకి చూపించుకోండి, సిరప్ తర్వాత. మందుల షాపులో గ్యాస్ సిరప్ అంటే మామూలు యాంటాసిడ్ చేతిలో పెడతారు. లేబుల్ మీద సోడియం ఆల్జినేట్ అని ఉందో లేదో చూసి కొనండి.