కొలంబైన్: మిన్నెసోటా చలిలో తొమ్మిదేళ్ళు పెంచాక

మినియాపోలిస్ శివార్లలో ఇల్లు కొన్నాక వచ్చిన మొదటి వసంతంలో, అంటే 2017 మేలో, ఒక పెద్ద స్టోర్‌లో కొలంబైన్ అనే పూలమొక్క కుండీలు మూడు కొన్నాను. ఈ తొమ్మిదేళ్ళలో మొత్తం నాలుగు రకాలు పెంచాను. రెండు పూర్తిగా పోయాయి, ఒకటి తన రంగులన్నీ పోగొట్టుకుంది, ఒకటి మాత్రం ఏటా మే నెల రాగానే పూస్తూనే ఉంది. "మంచు పడే చోట ఏం వేస్తే బతుకుతుంది?" అని అడిగే మనవాళ్ళకి నేను చెప్పేది ఆ నాలుగోదాని గురించే.

దాని పేరు ఆక్విలీజియా కెనడెన్సిస్. ఇక్కడి అడవుల్లో, రాళ్ళ సందుల్లో తనంతట తనే పెరిగే మొక్క. ఆకు చూస్తే కొత్తిమీర ఆకు నాలుగింతలు పెరిగినట్టు ఉంటుంది, నీళ్ళు పోస్తే చేమాకు మీద లాగా ముత్యాల్లా దొర్లిపోతాయి. పువ్వు ఎరుపు, లోపల పసుపు, నేలచూపులు చూస్తూ వేలాడుతుంది. మా అమ్మ తెనాలి నుంచి వచ్చిన ఏడాది "ఇదేంటే, పువ్వు తల దించుకుంది?" అని వేలితో ఎత్తి చూసింది. ఐదు రేకులు, ఒక్కో రేకూ వెనక్కి సాగి సన్నటి గొట్టం అవుతుంది, గొట్టం చివర చిన్న బుడిపె, తేనె ఉండేది అక్కడే. అమ్మ మాల కడదామని ఓ దోసెడు కోసింది గానీ దారం వేసేలోపే రేకులు రాలడం మొదలైంది. కాబట్టి దేవుడి పటాల కోసం పెంచాలనుకునేవాళ్ళకి ఇది పనికిరాదు, మొక్క మీదే చూసుకోవాలి.

చలికి తట్టుకుంటుందా అన్నదే అందరికీ ఉండే అనుమానం. 2019 జనవరి 30న ఇక్కడ మైనస్ 28 ఫారెన్‌హీట్‌కి పడిపోయింది, సెల్సియస్‌లో చెప్పాలంటే మైనస్ 33. అప్పటికి నా కెనడెన్సిస్ మొక్కలు అంతకుముందు వసంతంలో మొలిచిన పసికూనలు, నేలకి అంటుకుని నాలుగైదు ఆకులతో ఉన్నాయి. పోయాయనే అనుకున్నాను, చాలా బాధపడ్డాను. ఏప్రిల్‌లో మంచు కరిగాక ఎండుటాకులు తీసి చూస్తే మధ్యలో ఊదారంగు చిగుళ్ళు, పిడికిలి బిగించినట్టు! ఆ మే నెలలోనే మొదటిసారి పూశాయి. అమ్మ ఎత్తి చూసిన పువ్వు ఆ కాపులోదే.

నిజానికి దీని విత్తనానికి చలి తగలకపోతేనే ఇబ్బంది. నేను మొదటిసారి వేసినప్పుడు మిగతా విత్తనాల్లాగే అర అంగుళం లోతున కప్పెట్టి, ఇంట్లో వెచ్చగా కిటికీ దగ్గర పెట్టాను. ఒక్కటీ మొలవలేదు. తర్వాత తెలిసింది, దీనికి తడిలో కొన్ని వారాల చలి కావాలి, పైన వెలుగు కూడా తగలాలి. తడి పేపర్ టవల్‌లో చుట్టి రెండు నెలలు ఫ్రిజ్‌లో పెట్టే పద్ధతి కూడా చేసి చూశాను, వచ్చాయి, కానీ ఆ శ్రమ అనవసరం. అక్టోబర్ చివర్లో మట్టి పైపైన గీకి, విత్తనాలు చల్లి, అరచేత్తో అదిమి వదిలేయండి. మిగతాది మంచు చూసుకుంటుంది. మొదటి ఏడాది ఆకులే వస్తాయి, పువ్వు రెండో ఏడాది. మధ్యలో కంగారుపడి పీకేయకండి.

విత్తనాల గురించి ఒక జాగ్రత్త గట్టిగా చెప్పాలి. జూన్ చివర్లో కాయలు ఎండి పైభాగం విచ్చుకుంటాయి, వంచి తడితే నల్లగా మెరిసే గింజలు రాలతాయి, అచ్చం నల్ల జీలకర్రలాగే. రెండూ ఒకే కుటుంబానికి చెందిన మొక్కలు కూడా. నేను ఒక స్టీలు గిన్నెలో పోసి వంటింటి గట్టు మీద పెడితే, అమ్మ అది పచ్చట్లోకి అనుకుని చేతిలోకి తీసుకుంది. ఈ గింజలు విషం. అప్పటి నుంచి కవర్లో వేసి, పేరు రాసి, గరాజ్‌లో పెడుతున్నాను. చిన్నపిల్లలున్న ఇళ్ళలో ఇంకా జాగ్రత్తగా ఉండాలి.

ఇక మొదట కొన్న ఆ మూడు కుండీలు మెక్కానా హైబ్రిడ్లు, అంటే కొలంబైన్‌లో ఒక సంకర రకం. పువ్వు అరచేతిలో సగం ఉంటుంది, గొట్టాలు పొడుగ్గా, ఒక్కో మొక్కదీ ఒక్కో రంగు. మొదటి రెండేళ్ళు వాటి ముందు కెనడెన్సిస్ పేదరాలిలా కనిపించేది. కానీ తల్లి మొక్కలు నాలుగో ఏడు దాటలేదు, గింజ పడి వచ్చిన పిల్లల్లో ఆ రంగులు లేవు, అన్నీ వెలిసిపోయిన ఊదా, గులాబీ. కొలంబైన్లు పక్కపక్కన ఉంటే ఒకదానితో ఒకటి కలిసిపోతాయి, కెనడెన్సిస్ గింజల్లో కూడా కొన్ని అలా మారడం చూసి ఊదావి అన్నీ తీసేశాను. రంగు స్వచ్ఛంగా ఉండాలంటే ఒక పెరట్లో ఒకటే రకం వేసుకోండి. ముద్దపువ్వు రకం నోరా బార్లో (డార్విన్ మనవరాలి పేరు) కూడా వేశాను. అందంగానే ఉంటుంది, కానీ దానికి గొట్టాలు ఉండవు, మా ఇంట్లో హమ్మింగ్‌బర్డ్ (పువ్వుల్లో తేనె తాగే బుల్లి పిట్ట) దాని వైపు చూడలేదు. మూడేళ్ళ మొక్కని ఎండ తక్కువున్న చోటికి మార్చబోయి చంపేసుకున్నాను. తల్లివేరు లోతుకి దిగుతుంది, అది తెగితే మళ్ళీ కోలుకోదు. కొనేటప్పుడు కూడా పెద్ద కుండీలో పూస్తున్నది కాకుండా చిన్న కుండీలో లేతది తీసుకోండి.

కొలరాడోలో క్రెస్టెడ్ బ్యూట్ దగ్గర జూలైలో నీలం కొలంబైన్ చూసి మనసు పారేసుకున్నాను. 1899 నుంచి అది వాళ్ళ రాష్ట్ర పుష్పం, ప్రభుత్వ భూముల్లో దాన్ని పెకలించకూడదని 1925లోనే చట్టం చేశారు. మొక్క నర్సరీలో కొనే తెచ్చాను. కొండ మీది పొడి గాలికి అలవాటైన మొక్క, మా ఉక్క వేసవిలో రెండేళ్ళు కూడా నిలవలేదు.

పురుగు సంగతి. జూన్‌లో ఆకుల మీద తెల్లటి వంకర గీతలు వస్తాయి, పిల్లలు సుద్దముక్కతో గీసినట్టు. ఆకు రెండు పొరల మధ్య దూరి తొలిచే పురుగు అది, పైన మందు కొట్టినా లాభం ఉండదు. నేను ఏ మందూ కొట్టను, పూత అయ్యాక ఆకులన్నీ మొదలంటా కోసి చెత్తలో పడేస్తాను, మూడు నాలుగు వారాల్లో శుభ్రమైన కొత్త ఆకులు వస్తాయి. గింజలు కావాలంటే రెండు కాడలు ఉంచండి. ఆకుపచ్చ గొంగళిపురుగుల్లాంటివి ఇంకో రకం ఉన్నాయి, రెండు రోజుల్లో ఆకుని ఈనెలకి తెచ్చేస్తాయి, పొద్దున్నే ఏరి సబ్బునీళ్ళలో వేయాలి. బూడిద తెగులు ఆగస్టులో కొంచెం వస్తుంది, నేను పట్టించుకోను.

నేల విషయంలో పేచీ లేదు, నీళ్ళు నిలవకపోతే చాలు. సగం నీడ మంచిది. మా మేపుల్ చెట్టు కింద ఏ పువ్వూ పెరగని మూడడుగుల జాగాలో ఇప్పుడు ఇరవై దాకా ఉన్నాయి, నేను నాటినవి కావు, గింజలు పడి లేచినవే. ఒక్కో మొక్క మూడు నాలుగేళ్ళే బతుకుతుంది కాబట్టి, కింద మల్చ్ (మట్టిని కప్పే చెక్కపొట్టు, ఎండుటాకుల్లాంటివి) దట్టంగా పరిచారంటే వెలుగు తగలక పిల్లలు రావు, తోట ఖాళీ అవుతుంది. ఇది నాకు ఎవరూ చెప్పలేదు, రెండేళ్ళు నష్టపోయాక తెలుసుకున్నాను.

మే రెండో వారంలో హమ్మింగ్‌బర్డ్ దక్షిణం నుంచి వచ్చేసరికి మా పెరట్లో ఎర్రగా పూసి ఉండేది ఈ కెనడెన్సిస్ ఒక్కటే. పువ్వు కింద గాల్లో నిలబడి, ముక్కు పైకెత్తి, ఒక్కో గొట్టంలో పెట్టి తీస్తుంది, ఐదూ అయ్యాకే పక్క పువ్వుకి వెళుతుంది. నాలుక అందని బంబుల్‌బీలు (బొద్దుగా ఉండే తేనెటీగలు) మాత్రం గొట్టం చివర బయట నుంచి కొరికి తేనె తాగుతాయి. మీ పువ్వుల బుడిపెల దగ్గర సూదితో పొడిచినంత కన్నం కనిపిస్తే తెగులేమో అని టెన్షన్ పడకండి.